కాళ్ళతో ఆడే ఆట

ఆగస్టు 6, 1996. నౌసోరి, ఫీజీ

ప్రాక్టీసు అయ్యాక ఇంటికొచ్చి బూట్లు విప్పితే కుడి మేజోడు పాదానికి అతుక్కుపోయి ఉంది. లాగితే తోలుతో సహా వచ్చింది. బొటనవేలి కింద ఇరవై సెంట్ల బిళ్ళంత బొబ్బ, ఎప్పుడో చితికిపోయింది. నాకు తెలియనే లేదు. నొప్పి లేదు. కొత్త బూట్లు కదా, ఒరుసుకుని ఉంటాయి. నొప్పి లేదంటే పెద్దదేమీ కాదని.

విమ్లా చూడకముందే మేజోళ్ళు ఉతికి ఆరేశాను. పద్దెనిమిదేళ్ళ కాపురంలో నేను మేజోళ్ళు ఉతకడం ఇదే మొదలు.

ఇది తెలుగులో రాస్తున్నాను. మా ఊరు వునిమోలి బళ్ళో నాన్న బెత్తం పట్టుకుని నేర్పిన అక్షరాలు ఇన్నాళ్ళకి పనికొచ్చాయి. విమ్లాకి హిందీ, ఇంగ్లీషే చదవడం వచ్చు. అమ్మ తెలుగు మాట్లాడుతుంది గాని అక్షరం రాదు. ఈ ఇంట్లో నేను తలుపేసుకోదగ్గ గది ఇదొక్కటే.

ఈసారి అమ్మాయిలు బాగున్నారు. లిటియా కెప్టెన్ అయ్యాక జట్టుకి ఒక వెన్నెముక వచ్చింది. ఈ నెలాఖరులో సెమీఫైనల్. నౌసోరి మహిళల బాస్కెట్‌బాల్ జట్టుకి తొమ్మిదేళ్ళుగా కోచ్‌ని, మూడు ఫైనళ్ళు ఓడాను. పత్రికల వాళ్ళు నా పేరు పక్కన ఇప్పటికీ ‘ఆక్లాండ్ 84 ఛాంపియన్’ అనే వేస్తారు. ఆ తర్వాత వేయడానికి ఏమీ లేదు గనక.

ఆగస్టు 8

బొబ్బ ఆరిపోయింది.

ఆగస్టు 14

పూర్తిగా ఆరలేదు. గుడ్డ చుట్టాను.

ఇవాళ అమ్మాయిలు డిఫెన్స్‌లో నిద్రపోతున్నారు. చేతులు ఊపడమే డిఫెన్స్ అనుకుంటారు అందరూ. నన్ను ఆక్లాండ్ వాళ్ళు డబ్బిచ్చి తీసుకెళ్ళింది బాస్కెట్లు వేస్తానని కాదు. ఎవడికి కాపలా పెడితే వాడి ముందు నుంచి కదలనని. ఇది కాళ్ళతో ఆడే ఆట అని తొమ్మిదేళ్ళుగా చెప్తున్నాను. చెప్తే ఎక్కదు, చూపించాలి. బూట్లు విప్పేసి కోర్టు ఈ చివరి నుంచి ఆ చివరికి మోకాళ్ళు వంచి అడ్డంగా జారుతూ చూపించాను. మధ్యాహ్నపు ఎండకి సిమెంటు కాలి ఉంటుంది. నాకేం తెలియలేదు.

వెనక్కి తిరిగేసరికి అమ్మాయిలు నేలకేసి చూస్తున్నారు. కోర్టు పొడవునా ఎర్రటి మరకలు, ఒక్కొక్క అడుగుకీ ఒకటి.

“ఎవరిది? ఎవరు కాలు కోసుకున్నారు? కట్టు కట్టుకోకుండా ఎందుకొస్తారు ప్రాక్టీసుకి?” అని అరిచాను.

లిటియా వెళ్ళి తన తువ్వాలు తడిపి తెచ్చి, మోకాళ్ళ మీద కూర్చుని ఒక్కొక్క మరకా తుడిచింది. మెరేసీ నా దగ్గరికి వచ్చింది. మెరేసీ నా అసిస్టెంటు. ఒకప్పుడు నా జట్టులోనే ఆడింది. రేవా నది ఒడ్డున వాళ్ళ గ్రామం. మా హిందీ నాకంటే బాగా మాట్లాడుతుంది.

“కోచ్, మీరు కూర్చోండి. నేను చూపిస్తాను” అంది మెల్లగా.

“నా కాళ్ళతో నువ్వు చూపిస్తావా?” అన్నాను.

ఎవరి రక్తమో తేలలేదు.

ఆగస్టు 17

భోజనం దగ్గర అమ్మ కంచం పక్కకి తోసి ముక్కు ఎగబీల్చింది. అమ్మకి కళ్ళు దాదాపు పోయాయి. ముక్కు మాత్రం పోలేదు.

“వాసన వస్తాది రా జగ్గా.”

“ఇంటికింద ఎలక చచ్చినట్టుంది అమ్మా. రేపు తీయిస్తా.”

“ఎలక కాదు. మీ నాయన కాలు వాసన. నాకు తెల్దా? రెండేండ్లు ఆ గదిలో పండుకున్న.”

విమ్లాకి తెలుగు రాదు. “కా బోలే?” అని అడిగింది, ఏమంటోంది అని. పప్పులో ఉప్పు ఎక్కువైందంటోంది అన్నాను. విమ్లా పప్పు రుచి చూసుకుంది, నావైపు చూసింది.

బజారుకెళ్ళి డెట్టాల్, కొలోన్ కొన్నాను.

ఆగస్టు 24

గెలిచాం! లబాసా మీద పదకొండు పాయింట్ల తేడా. రెండో సగంలో వాళ్ళ చేత ఎంత తక్కువ వేయించామంటే స్కోరు పలక మీద అంకె మార్చేవాడు కునికిపాట్లు పడ్డాడు. లిటియా ఆట అయ్యాక నన్ను ఎత్తేసింది. తొంభై కిలోల మనిషిని. ఫైనల్ లౌతోకాతో, సువా హాల్లో, సెప్టెంబరు 7న.

సతేంద్ర వచ్చాడు ఆటకి. లబాసా హైస్కూల్లో నాకు బంతి అందించినవాడు, ఇప్పుడు సువాలో డాక్టరు. కౌగిలించుకుందామని చేతులు చాపితే వాడు ఆగిపోయి నా బూటు వైపు చూశాడు.

“కుంటుతున్నావేంటి?”

“బెణికింది.”

“విప్పు.”

“ఇక్కడా?”

“ఇక్కడే. విప్పు జగ్గు.”

డ్రెస్సింగు గదిలో బల్ల మీద కూర్చోబెట్టి వాడే విప్పాడు. గుడ్డ విప్పగానే ముఖం పక్కకి తిప్పుకున్నాడు. డాక్టరు అయ్యుండి. జేబులోంచి పెన్ను తీసి మూతతో పుండులో పొడిచాడు. టక్‌మని గట్టిగా తగిలిన చప్పుడు నాకు వినిపించింది. తగిలినట్టు మాత్రం తెలియలేదు.

“అది ఎముక” అన్నాడు. “రేపు పొద్దున్నే చేరు. ఇవాళైతే ఒక్క వేలితో పోతుంది.”

“ఫైనల్ అవగానే వస్తా.”

“ఫైనల్ దాకా వేలు ఆగదు, జగ్గు. మాత్రలు వేసుకుంటున్నావా అసలు? షుగర్ ఎప్పుడు చూపించుకున్నావు?”

“రెండు వారాలే కదా” అన్నాను. వాడు నా భుజం మీద చెయ్యి వేసి చాలాసేపు తీయలేదు.

ఆగస్టు 25

డాక్టర్లు ఉన్నదానికి పదింతలు చెప్తారు. అది వాళ్ళ వృత్తి. ఆక్లాండులో ఒకసారి మోకాలికి నెల విశ్రాంతి అన్నారు. వారంలో ఆడాను, గెలిచాను. శరీరం వైద్యుడి మాట వినదు, యజమాని మాట వింటుంది.

పుండు ఇవాళ కొంచెం చిన్నదైనట్టుంది.

ఆగస్టు 27

సతేంద్ర ఇంటికి ఫోన్ చేశాడు. నేను లేనప్పుడు. స్నేహితుడు చేసే పనేనా ఇది?

వచ్చేసరికి విమ్లా వంటింట్లో కుర్చీలో కూర్చుని ఉంది. పొయ్యి వెలిగించలేదు. బడిలో పాఠాలు చెప్పి వచ్చిన చీర కూడా మార్చలేదు.

“గోడ్ దిఖావ్” అంది. కాలు చూపించమని.

చూపించాను. చూసింది. అరవలేదు, ఏడవలేదు. అరిస్తే బాగుండేది.

తర్వాత చాలా మెల్లగా మాట్లాడింది. హిందీలో అన్నదాన్ని ఇక్కడ తెలుగులో రాస్తున్నాను, ఒక్క ముక్క వదలకుండా.

“నువ్వు ఆక్లాండులో కప్పులు గెలుస్తుంటే వునిమోలిలో మీ నాన్న పుండు కడిగింది నేను. మొదట ఒక కాలు, తర్వాత రెండోది. అత్తయ్య పట్టుకునేది, నేను కడిగేదాన్ని. ఆయన సిగ్గుతో దుప్పటి నోట్లో కుక్కుకునేవాడు. నువ్వు పేపరు కత్తిరింపులు పంపేవాడివి. నాకప్పుడు ఇరవై నాలుగేళ్ళు. ఆయన పెద్దాయన, మావయ్య, చేశాను. నీకు చెయ్యను. వింటున్నావా? నీకు చెయ్యను. రేపు చేరితే చేరు, లేకపోతే సావుసావులో మా అక్క దగ్గరికి వెళ్ళిపోతాను.”

గురువారం చేరతానని మాటిచ్చాను.

ఆగస్టు 29

ఇవాళ గురువారం. లౌతోకా వాళ్ళు కొత్త అమ్మాయిని దింపారట, ఆరడుగుల పైన ఉందట. ఆమెని ఎలా ఆపాలో చెప్పకుండా ఎలా వెళ్ళను? మెరేసీ చెప్తుందట. మెరేసీకి ఏం తెలుసు? మనిషికి మనిషిని కాపలా పెట్టొద్దు, ఒక్కొక్కరూ ఒక్కో చోటు కాసే జోన్ పెడదాం అంటోంది. అది భయపడేవాళ్ళ డిఫెన్స్.

నాన్న కుర్చీలో కూర్చునేవాడు, వసారాలో. పిల్లలు అటుగా వెళ్తూ ఇంటివైపు చూడకుండా వెళ్ళేవాళ్ళు. వాళ్ళకి అక్షరాలు నేర్పింది ఆయనే.

సోమవారం చేరతాను.

విమ్లా నాతో మాట్లాడటం లేదు. సావుసావు మాత్రం వెళ్ళలేదు.

సెప్టెంబరు 2

జ్వరం. ఫ్లూ తిరుగుతోంది ఊళ్ళో.

సెప్టెంబరు 4

పాదం నల్లగా ఉంది. వేలు ఎండిపోతే దానంతట అదే రాలిపోతుందని, అది మంచి లక్షణమని ఎక్కడో విన్నాను.

సెప్టెంబరు 6

రేపే. అమ్మాయిలందరినీ నిలబెట్టి ఒక్కొక్కరికి ఎవరిని ఆపాలో చెప్పాను. లిటియాకి ఆ ఆరడుగుల అమ్మాయి. “కాళ్ళు కదుపుతూ ఉండు, నీ చేతులు నాకు అక్కర్లేదు” అన్నాను. “మీరు వణుకుతున్నారు కోచ్” అంది. చలి అన్నాను. సెప్టెంబరులో. మెరేసీ తన స్వెటరు తెచ్చి నా భుజాల మీద కప్పింది. తీసేయాలనుకున్నాను గాని తీయలేదు.

సెప్టెంబరు 18

ఆసుపత్రి. చెయ్యి ఇప్పుడిప్పుడే పెన్ను పట్టుకుంటోంది.

కుడి కాలు లేదు. మొదట చీలమండ పైన తీశారట. అది ఆగకపోతే మోకాలి పైన. రెండోసారి కోసినట్టు నాకు రెండు రోజుల దాకా తెలియదు. దుప్పటి కింద చదునుగా ఉంది. చూసుకోవడం మానేశాను.

ఓడిపోయాం. ఒక్క పాయింటు తేడా.

సెప్టెంబరు 19

రెండో సగం మధ్య దాకా గుర్తుంది. మేం ముందున్నాం. ఆ తర్వాత దీపాలు బాగా పెద్దవయ్యాయి. అంతవరకే.

నాకు స్పృహ తప్పాక జట్టు మెరేసీ చేతుల్లో ఉండి ఉంటుంది. ముందున్న ఆట ఒక్క పాయింటుతో ఎలా పోతుంది? జోన్ పెట్టి ఉంటుంది. కచ్చితంగా జోన్ పెట్టి ఉంటుంది.

సెప్టెంబరు 22

జట్టంతా వచ్చింది, బొప్పాయిలు, పైనాపిళ్ళు పట్టుకుని. మంచం చుట్టూ నిలబడ్డారు. కాలు ఉండాల్సిన చోటు వైపు ఎవరూ చూడలేదు. చూడకుండా ఉండటానికి ఎంత కష్టపడ్డారో తెలుస్తూనే ఉంది.

“ఆఖర్న ఏమైంది?” అని అడిగాను.

లిటియా మెరేసీ వైపు చూసింది. మెరేసీ నేలవైపు చూసింది.

“జోన్ పెట్టావా?”

“సారీ, కోచ్” అంది మెరేసీ.

“సారీ అంటే కప్పు వస్తుందా? నా కాలు పోతే పోయింది. నేను చెప్పినట్టు ఆడుంటే కనీసం అదైనా ఉండేది చేతిలో.”

“సారీ, కోచ్” అని మళ్ళీ అంది. లిటియా ఏదో అనబోయింది. మెరేసీ ఆమె చెయ్యి పట్టుకుంది.

ఒప్పుకుంది. నాకదే చాలు.

సెప్టెంబరు 25

పత్రిక నుంచి విలేఖరి వచ్చాడు. కాలు పోతున్నా ఫైనల్‌కి వచ్చిన కోచ్ అని రాస్తాడట. ఆట ఎలా పోయిందంటే, ఉన్నది చెప్పాను. నేను పడిపోయాక అసిస్టెంటు గాభరాపడింది, చెప్పినది వదిలేసి సొంత తెలివి వాడింది అని. పేరు నేను చెప్పలేదు. చెప్పక్కర్లేదు, ఒక్కతే కదా.

సెప్టెంబరు 28

వేశాడు. ఫోటో బాగుంది, 84 నాటిది. రెండు కాళ్ళతో గాల్లో ఉన్నాను.

మధ్యాహ్నం అసోసియేషన్ ప్రెసిడెంటు భగవాన్ వచ్చాడు. వచ్చే సీజనుకి సువా నుంచి ఎవరినైనా తెస్తామన్నాడు. మెరేసీని తీసేశారట. “మీకు అభ్యంతరం లేదు కదా?” అన్నాడు. లేదన్నాను.

అక్టోబరు 5

ఇంటికి తెచ్చారు.

పొద్దున్న వసారాలో కూర్చోబెట్టి విమ్లా టీ ఇచ్చింది. ఈ మధ్య అవసరమైనంతే మాట్లాడుతోంది. ఆసుపత్రిలో ప్రతి రోజూ ఉంది. బడికి సెలవు పెట్టింది. అయినా నా ముఖం చూసి మాట్లాడదు. నేనే ఏదో ఒకటి అనాలని, “మెరేసీని తీసేయడం మంచిదే అయింది, ఆమెకి ఆ నిబ్బరం లేదు” అన్నాను.

“ఆపు” అంది.

“నిజమే కదా. ఆమే ఒప్పుకుంది.”

“ఇంక ఆపు. ఆట పోగొట్టింది మెరేసీ కాదు, నువ్వు. నేను అక్కడే ఉన్నాను. పద్దెనిమిదేళ్ళలో నీ ఆట చూడటానికి మొదటిసారి వచ్చాను, ఎక్కడ పడిపోతావో అని. ఇంకా ఒక్క నిమిషం ఉంది, మీ వాళ్ళు ఒక పాయింటు ముందున్నారు. ఆట నడుస్తోంది, బంతి వాళ్ళ దగ్గర ఉంది. నువ్వు లేచి కోర్టులోకి నడిచావు. లిటియా దగ్గరికెళ్ళి ‘కాళ్ళు, కాళ్ళు’ అంటూ వంగి ఎలా జరగాలో చూపించబోయావు. హాలంతా చూసింది. రిఫరీ విజిల్ ఊదాడు. కోచ్ లోపలికొస్తే ఫౌలట కదా. రెండు ఫ్రీ త్రోలిచ్చాడు, ఆ అమ్మాయి రెండూ వేసింది. బంతి కూడా మళ్ళీ వాళ్ళకే ఇచ్చారు.”

“మరి మెరేసీ…”

“మెరేసీ నిన్ను పట్టుకోవడానికి పరుగెత్తింది. ఆమె మీదే పడ్డావు. అంబులెన్సులో నీ కాలు ఒళ్ళో పెట్టుకుని కూర్చుంది. ఆ వాసనలో. నేను ముందు కూర్చున్నాను, నావల్ల కాలేదు.”

“సారీ అంది కదా! ఎందుకంది?”

“కాలు తీసేసిన మనిషికి ఇంకేం చెప్తుంది?” అంది విమ్లా. కప్పు తీసుకుని లోపలికి వెళ్ళిపోయింది.

గుర్తు తెచ్చుకోవాలని చూశాను. దీపాలు తప్ప ఏమీ లేదు. విమ్లా పొరపడి ఉండొచ్చు. ఆమెకి ఆట తెలియదు.

అక్టోబరు 6

సతేంద్రకి ఫోన్ చేశాను. వాడూ ఉన్నాడు ఆ రోజు. “చెప్పు” అన్నాను. “ఎవరు చెప్పారు నీకు?” అన్నాడు.

అక్టోబరు 9

ఏమీ లేదు రాయడానికి.

అక్టోబరు 12

విలేఖరికి ఫోన్ చేశాను. నేను చెప్పింది తప్పు, దిద్దాలి అన్నాను. అది పాత వార్త అయిపోయింది సర్, ఇప్పుడు రగ్బీ నడుస్తోంది అన్నాడు.

భగవాన్‌కి చేశాను. “పోనీలెండి, మీ ఆరోగ్యం చూసుకోండి. కమిటీ నిర్ణయం అయిపోయింది” అన్నాడు. మూడు అబద్ధపు వాక్యాలు చెప్పడానికి నాకు పక్కమీంచి లేవాల్సిన అవసరం కూడా పడలేదు. వెనక్కి తీసుకోవడానికి మాత్రం ఎవరూ దొరకడం లేదు.

విమ్లా చెప్పింది, అమ్మాయిలు సువా కోచ్‌తో ఆడబోమన్నారట. రేవా వంతెన అవతల చర్చి పక్క కోర్టులో మెరేసీతోనే ప్రాక్టీసు చేస్తున్నారట. అసోసియేషన్ బంతులివ్వకపోతే ఎవరిదో పాత బంతి ఒకటి తెచ్చుకున్నారట.

అక్టోబరు 19

విమ్లాని బజారుకి పంపి యంగోనా వేర్ల కట్ట ఒకటి తెప్పించాను, దంచి నీళ్ళలో కలిపి గ్రోగ్ చేసుకునే వేర్లు. మంచిది, వీతిలేవు కొండల సరుకు. “గ్రోగ్ తాగుతావా ఈ స్థితిలో?” అంది. “తాగడానికి కాదు” అన్నాను. ఇక్కడ పుట్టి పెరిగింది, ఫీజీయన్లు క్షమాపణ అడిగేటప్పుడు ఈ కట్టే ముందు పెడతారని తెలుసు, అర్థం చేసుకుంది. ఇంకేమీ అడక్కుండా వ్యాను మాట్లాడింది. చాప కూడా తనే తెచ్చి పెట్టింది.

వంతెన అవతల ప్రాక్టీసు మొదలవబోతోంది అప్పుడే. చక్రాల కుర్చీ కోర్టులోకి వస్తుంటే అమ్మాయిలు ఒక్కొక్కరూ ఆగిపోయారు. మెరేసీ బంతి చంకలో పెట్టుకుని నిలబడింది. దగ్గరికి రాలేదు.

క్షమాపణ కుర్చీలో కూర్చుని అడగకూడదు. నేలమీద కూర్చోవాలి, ఎదుటివాళ్ళకంటే కిందుగా. విమ్లా కోర్టు మధ్యలో చాప పరిచింది. నన్ను చంకల కింద పట్టుకుని దింపబోతే ఆమెవల్ల కాలేదు, ఇద్దరం ఒరిగిపోయాం. ఎవరూ కదల్లేదు. సాయం చెయ్యాలో చెయ్యకూడదో వాళ్ళకి తెలియలేదు. చివరికి నేనే జారి పడ్డట్టుగా చాప మీద కూలబడ్డాను. ఒక కాలితో బాసింపట్టు వేసుకోవడం కుదరదు. మిగిలిన తొడ ముందుకి పొడుచుకొచ్చి ఉంది, పంట్లాం మడిచి పిన్ను పెట్టి. అందరికీ కనిపిస్తోంది. కప్పుకోలేదు.

మెరేసీ వచ్చి ఎదురుగా కూర్చుంది. వెనక అమ్మాయిలు కూర్చున్నారు.

కట్ట రెండు చేతులతో పట్టుకున్నాను. దారంతా మాటలు వరస పెట్టుకున్నాను, ఫీజీయన్‌లో రెండు, హిందీలో కొన్ని. ఒక్కటీ రాలేదు.

“ఆట పోగొట్టింది నేను. నిన్ను అన్నాను. పత్రికలో వేయించాను. నీ పని పోయింది” అన్నాను. “నా పుండు గురించి మీకందరికీ అబద్ధం చెప్పాను. కోర్టు మీద ఆ రక్తం నాది.”

“తెలుసు కోచ్” అంది లిటియా వెనకనుంచి. “మేం అక్కడే ఉన్నాం కదా.”

కట్ట ముందుకి చాపాను. మెరేసీ వెంటనే తీసుకోలేదు. ఎంతసేపు చూసిందో తెలియదు. తీసుకోకపోతే ఏం చెయ్యాలో నేను ఆలోచించుకోలేదు. నది మీదినుంచి గాలి వచ్చి చాప అంచు లేపింది, విమ్లా కాలితో తొక్కి పట్టుకుంది.

“మా అమ్మ ఆ పేపరు చదివింది” అంది మెరేసీ. “చదివి చర్చికి వెళ్ళడం మానేసింది. అందరూ అడుగుతారని. ఆరు వారాలే అయింది, నా ఒళ్ళో మీ కాలు పెట్టుకుని. పేపరుకి చెప్పే ముందు మీరు నన్ను ఒక్కసారి అడిగి ఉంటే చాలు, కోచ్.”

“అవును” అన్నాను.

అప్పుడు తీసుకుంది. అరచేతులు గుంట చేసి మెల్లగా మూడుసార్లు చప్పట్లు కొట్టింది. వెనక అమ్మాయిలూ కొట్టారు. మెరేసీ ఏడుస్తోంది. ముఖం మాత్రం మెత్తబడలేదు.

“తీసుకున్నాను. ఇక దాని గురించి ఎవరం మాట్లాడం. మా అమ్మకి కూడా ఇది చూపిస్తాను. కానీ మీరు ఈ జట్టుకి మళ్ళీ రావద్దు. ఆడించడానికి రావద్దు. చూడటానికి రావచ్చు.”

“సరే” అన్నాను.

లిటియా, ఇంకో ఇద్దరు నన్ను లేపి కుర్చీలో కూర్చోబెట్టారు. లిటియా చెయ్యి నా వీపు మీద కొంచెం ఎక్కువసేపు ఉంది. విమ్లా చాప చుట్టి వ్యానులో పెట్టడానికి వెళ్ళింది. నేను కోర్టులోనే ఉండిపోయాను, ఎటు వెళ్ళాలో తోచక. అమ్మాయిలు జోన్‌లో నిలబడ్డారు. బాగానే నిలబడ్డారు. బంతి ఒక్కటే కాబట్టి ఎవరికి వచ్చినా అందరూ అటే చూస్తున్నారు.

“కొంచెం వెనక్కి జరగండి, జగన్నాథం” అంది మెరేసీ. “బంతి తగులుతుంది.”

కోచ్ అనలేదు. చక్రాలు నేనే తిప్పుకుని వెనక్కి జరిగాను.